కార్డులో ఆట ఉండాలా, తాళంచెవి ఉంటే సాలా?

మా ఉప్పాడలో తుపానొస్తే ముందు కరెంటు పోద్ది, ఆనక నెట్టు పోద్ది. అందుకే ఇది నాకు సిన్న ఇషయంలా కనపడ్లేదండి.

నింటెండో త్రీడీఎస్, స్విచ్ లాంటి చేతి ఆట మిషన్ల కార్డుల్లో ఆటతోపాటు సిస్టమ్ అప్‌డేట్ కూడా పెట్టేవోరు. సోనీ పీఎస్పీ డిస్కుల్లోనూ అంతే. కొత్త ఆటకి కొత్త సాఫ్ట్‌వేర్ కావాలంటే నెట్టు లేకపోయినా కార్డులోంచే ఎక్కేది. ఎక్కించుకోకపోతే ఆట నడవదు. బలవంతమే, కాదన్ను. అయినా నెట్టు లేనోడిని ఒగ్గెయ్యలేదు.

2025లో వచ్చిన స్విచ్ 2కి గేమ్-కీ కార్డులని కొన్ని అమ్ముతున్నారు. వాటిల్లో ఆటే ఉండదు. కార్డు ఉత్త తాళంచెవి. ఆట నెట్టులోంచి దించుకోవాలి. ఆ సంగతి డబ్బా మీద రాస్తున్నారు, నిజమే. కానీ త్రీడీఎస్ ఆన్‌లైన్ దుకాణంలో అమ్మకాలు 2023 మార్చిలో ఆపిందీ, ఆన్‌లైన్ ఆట 2024 ఏప్రిల్‌లో ఆపిందీ ఆ కంపెనీయే కదా. రేపు సర్వరు మూస్తే తాళంచెవి దేన్ని తెరుద్ది?

మా జాందానీ చీర కొన్నాక, నేసిన మగ్గం మూతపడినా చీర మనదే. నేనడిగేది ఒకటే: సర్వరు మూసేముందు ఆట మొత్తం నెట్టు లేకుండా దాచుకునే దారియ్యండి. అప్‌డేట్‌కి కుదిరింది ఆటకెందుకు కుదరదు?