పిలువని పేరంటము

మా నౌపడ రైలుస్టేషనులో బండి వచ్చులోపల ప్రక్కవాని జీతమెంతయో, అతని కొమార్తెకు పెండ్లి యేల కాలేదో తెలిసికొని, తగిన సంబంధము చెప్పి పంపగల పెద్దమనుష్యులు కలరు. వీరు ఉప్పుమడిలో కాలు పెట్టకయే ఉప్పు ఎప్పుడు తీయవలెనో చెప్పుదురు.

గురజాడ అప్పారావుగారి కన్యాశుల్కము 1892లో విజయనగరమున తొలిసారి ప్రదర్శింపబడెను. 1909లో పెంపొందించి మరల ప్రకటింపబడెను. అందలి రామప్పంతులు ఇట్టివారికి గురువు. లుబ్ధావధాన్లు పెండ్లిలో తలదూర్చి, ఆడువేషము వేసిన బాలుని నిజమైన పెండ్లికూతురని నమ్మి సంబంధము కుదిర్చెను. మధురవాణి కంటెను ఎరువు తెచ్చి పెట్టించెను. పెండ్లికూతురు మాయమయ్యెను. కంటె తెమ్మని మధురవాణి పంతులును నిలువనీయలేదు. మనము నవ్వుదుము, కాని హత్యానేరము మీద పడినది పంతులుకు గాదు, లుబ్ధావధాన్లుకు. పెత్తనము ఒకరిది, నష్టము వేరొకరిది.

కొన్నేండ్ల క్రిందట నా తరగతిలోని చురుకైన బాలిక యొకతె పదవ తరగతి పరీక్షకు మూడు మాసముల ముందు బడి మానెను. “పరీక్ష తప్పినచో పరువు పోవును, ముందే మాన్పించుము” అని పొరుగు పెద్దమనిషి తండ్రికి చెప్పెనట. నేను రెండు సాయంకాలములు పోయి హితబోధ చేసితిని. “మా యింటి సంగతి మీకేల మాస్టారూ?” అని తండ్రి యడిగెను. నాకు నోట మాట రాలేదు. నేనును పిలువని పేరంటమునకు పోయినవాడనే గదా!

ఆ రాత్రి ఆలోచింపగా తోచినదిది: ఆ పెద్దమనిషియు నేనును ఇచ్చినది మాటలే. మూడవనాడు బోధ మాని, “అమ్మాయికి లెక్కలు కష్టముగా నున్నవా? దినమునకొక గంట నేను చెప్పెదను” అంటిని. తండ్రి కొంతసేపు ఊరకుండి, కూతురిని పిలిచెను.

ఆమె ఉత్తీర్ణురాలయ్యెను. పిమ్మట స్టేషనులో ఆ పెద్దమనిషి, “చదువు మాన్పవద్దని నేనే చెప్పితిని” అని పదిమందికి వివరించుచుండెను. నేను తలయూపి బండి యెక్కితిని.

విద్యార్థులారా, పరుల కష్టము చూచి ఊరకుండుడని నేను చెప్పను. కాని ఒకరి గుమ్మము త్రొక్కుటకు ముందు, ఈ పనిలో నా పాలు శ్రమయెంత, నష్టమెంత అని మిమ్ము మీరే ప్రశ్నించుకొనుడు. రెండును సున్నయైనచో వెనుకకు తిరుగుడు.