భాషారక్షణమా, జనతిరస్కారమా?

1943వ సంవత్సరము జూను మాసమున అర్జెంటీనాలో సైనికులు ప్రభుత్వమును చేజిక్కించుకొనిరి. ఆ ప్రభుత్వపు కన్నెఱ్ఱకు గుఱియైనవారిలో నొక హాస్యనటి యుండెను. ఆమె పేరు నీనీ మార్షల్. రేడియోలో ఆమె నోరు మూయించిరి. మోపిన నేరము రాజద్రోహము గాదు, అశ్లీలము గాదు. స్పానిషు భాషను వికృతపఱచి ప్రజలకు చెడుదారి చూపుచున్నదట! ఈ తీర్పు అన్యాయమే కాదు, భాషాదృష్టిచేతను తప్పని మా వాదము.

ఆమె చేసినదేమి? 1903లో బ్యూనస్ ఎయిర్సు నగరమున, స్పెయినునుండి వలసవచ్చిన కుటుంబమున పుట్టిన ఈమె తన హాస్యమును తానే వ్రాసికొనెడిది. ఆమె పాత్రలలో ఇరువురు మిక్కిలి ప్రసిద్ధురాండ్రు. కాందిద స్పెయినులోని గలీసియానుండి వచ్చిన పనికత్తె. తమ యింట పనిచేసిన స్త్రీని జూచి కల్పించిన పాత్ర. కతీత ఇటలీవారి బిడ్డ, వాగుడుకాయ. నటులను జూడ రేడియో కార్యాలయపు వాకిట కాచుకొనియుండు పడుచుల మాటలు విని తీర్చిన పాత్ర. 1938లో మాన్యుయెల్ రొమేరో తీసిన ‘పనిచేయు స్త్రీలు’ అను చిత్రమున కతీత తెరకెక్కెను. మఱుసటి యేట కాందిద పేరిటనే యొక చిత్రము వచ్చెను.

1914వ సంవత్సరపు జనాభా లెక్కలలో ఆ దేశమున పదుగురిలో ముగ్గురు, రాజధానిలో దాదాపు సగముమంది, విదేశములలో పుట్టినవారు. వారు ఓడ దిగి, వంటయిండ్లలోను అంగళ్లలోను నేర్చుకొన్న స్పానిషు అది. కతీత తప్పులు నీనీ పుట్టించినవి కావు, విన్నవి. అద్దము పగులగొట్టిన ముఖము మాఱునా?

‘ఇది పేదలను వెక్కిరించుట గాదా?’ యని కొందఱనవచ్చును. ఈ యాక్షేపణము గౌరవింపదగినదే. కాని కతీత పెద్దమనుష్యుల నడుమ జంకక తోచినమాట యనును. మనము సగము ఆమెను జూచియు, సగము ఆమె యెదుట తెల్లబోవు మర్యాదస్థులను జూచియు నవ్వుదుము. నిషేధించినవారు మాత్రము పేదల మానముకొఱకు గాక వ్యాకరణము కొఱకు కోపించిరి.

ఆ వ్యాకరణమైనను ఎక్కడిది? రోమను సిపాయిలు, వర్తకులు మాటాడిన లాటినునుండియే స్పానిషు పుట్టినది. నాటి పండితుల దృష్టిలో అదియు అపభ్రంశమే. మన పూర్వులు నాటకములలో స్త్రీలకును సేవకులకును ప్రాకృతము నిచ్చిరి. దానివలన సంస్కృతము చెడునని వెఱవలేదు. మృచ్ఛకటికమున శకారుడు ఉచ్చారణము తప్పును, ద్రౌపదిని రామాయణములోనికి లాగుకొనివచ్చును. వానిని రంగమునుండి వెడలగొట్టినచో నష్టపడునది శూద్రకుని నాటకమే.

మేమును పిల్లల వ్రాతలలో తప్పులు దిద్దువారమే. ఈ వ్యాసమును పాతపద్ధతినే వ్రాయుచున్నాము. కాని దిద్దుట వేఱు, నోరు నొక్కుట వేఱు. తప్పు పలికిన పిల్లవానికి ఒప్పు నేర్పవలెనన్న వానిని తరగతిలో నుంచవలెను గదా!

నీనీ నటనము మానలేదు. చిత్రములలో నటించెను, కొన్నియేండ్లు మెక్సికోలో పనిచేసెను. 1973లో, డెబ్బదియేండ్ల వయసున, ఒంటరిగా రంగమెక్కి యొక ప్రదర్శనము నిచ్చెను. దాని పేరిలో ‘రెదెపెంతె’ యను మాట యున్నది. హఠాత్తుగా అను నర్థమున చదువుకొన్నవారు ‘దె రెపెంతె’ యందురు; ఇది చదువురానివారి పలుకుబడి. ముప్పదియేండ్ల క్రిందట ఏ తప్పుమాటలకై తనను శిక్షించిరో, అట్టి మాటనే ఆమె తన ప్రదర్శనపు నొసట వ్రాసెను. 1996లో ఆమె మరణించెను.

గిడుగు రామమూర్తి పంతులుగారి కాలమునుండి ఈ తగవు మనకును క్రొత్తది కాదు. మన యిండ్లలో పిల్లలు పనివారి మాట పలికిన ‘ఆ మాట అనకు’ అని కసరుట నేటికిని గలదు. ఆ కసరులో భాషాభిమానమెంతయో, తోడిమనుష్యునియెడ చులకన యెంతయో, చదువరులు విచారింతురు గాక.