బొంత కూడా జెండాయే!



కుట్టుపని ఆడవాళ్ల కాలక్షేపమట, ఉద్యమం మగవాళ్ల పనట! ఈ మాట యజమాని నోట కాదు, మన సంఘంలోనే వినబడుతోంది. మే డే బ్యానరు మేమే కుట్టుకొస్తామని స్త్రీలు ముందుకొస్తే, "ఎందుకమ్మా శ్రమ, ఫ్లెక్సు కొట్టిస్తే సరిపోదా?" అని కొట్టిపారేశారు. ఇది ముమ్మాటికీ తప్పు. ఎందుకు తప్పో చిలీ దేశపు స్త్రీలు ఏనాడో చూపించారు.

1971లో చిలీ రాజధాని శాంటియాగోలో యారూర్ నూలుమిల్లును కార్మికులు స్వాధీనం చేసుకున్నారు. అయెందే ప్రభుత్వం ఆ మిల్లును జాతీయం చేసింది. పెట్టుబడిదారులకు ఇలాంటి చర్యలే కంటగింపయ్యాయి. 1973 సెప్టెంబరు 11న జనరల్ పినోచే సైనిక కుట్రతో ఆ ప్రభుత్వాన్ని కూల్చాడు. అతని పాలనలో హతులైనవారు, మాయమైనవారు కలిసి మూడు వేలకు పైమాటే. వారిలో కార్మిక సంఘాలవారెందరో!

భర్తలను, కొడుకులను పోగొట్టుకున్న స్త్రీలు, పనులు పోయిన కుటుంబాల స్త్రీలు 1974 నుంచి చర్చి నీడన కూడి సూది పట్టారు. గోనెగుడ్డ మీద గుడ్డపీలికలు అతికి బొమ్మలు కుట్టారు. వాటి పేరు అర్పిల్లేరాలు. ఆ మాటకర్థం గోనెగుడ్డే. మూతబడిన ఫ్యాక్టరీ, పేటవాళ్లంతా కలిసి వండుకునే ఉమ్మడి కుండ, "మావాళ్లెక్కడ?" అని నిలదీసే తల్లులు – ఇవే ఆ బొమ్మలు. కొందరు మాయమైన మనిషి బట్టలనే కత్తిరించి కుట్టారు. చాటుమాటుగా విదేశాలకు పంపారు. ఆ డబ్బుతో ఇంట్లో పొయ్యి వెలిగింది, నియంత నిజస్వరూపం లోకానికి తెలిసింది. దేశం పరువు తీస్తున్నారని ప్రభుత్వ అనుకూల పత్రికలు ఆడిపోసుకున్నాయి. వట్టి కాలక్షేపమైతే అంత ఉలుకెందుకు?

సూది ఒక్కటే నియంతను దింపిందని మేమనం. ఊరేగింపులు, సమ్మెలు, 1988 నాటి ప్రజల ఓటు కలిసి 1990లో అతణ్ణి గద్దె దింపాయి. కాని నోరెత్తితే ప్రాణం పోయే రోజుల్లో సాక్ష్యం చెప్పింది ఆ గుడ్డలే.

మనకేం తక్కువ? పాతచీరల బొంత కప్పుకోకుండా పెరిగినవాళ్లం మనలో ఎందరం? 1982 జనవరి 18న మొదలైన ముంబయి మిల్లుల సమ్మెలో సుమారు రెండున్నర లక్షల మంది నిలబడ్డారు. అన్ని నెలలు పస్తులతో ఇల్లు నెట్టుకొచ్చిన తల్లుల చరిత్ర ఏ ఫ్లెక్సు మీద అచ్చవుతుంది?

గుడ్డ నేసే చేతులు ప్లాస్టిక్కు జెండా మోయడం సిగ్గుచేటు! ప్రతి ఇంటినుంచీ జానెడు గుడ్డ రావాలి. మూసిన గేటు, కోసిన కూలి, ఊడిన వేలు – ఎవరి గాథ వారే కుట్టాలి. అన్నీ కలిపి ఒకే బొంతగా మే డే ఊరేగింపులో ముందు నడవాలి. పట్టుకునేవాళ్లు మగవాళ్లయితే మరీ మంచిది!