మామయ్య జాబు: ఆట ఎక్కడ దాక్కున్నది?

పిల్లలూ,

ఈ నెల వచ్చిన జాబులలో ఒకటి చదవగానే మిగిలినవన్నీ పక్కకు పెట్టి, ఆ పూటే దానికి జవాబు రాసి తపాలాలో వేశాను. పత్రిక అచ్చయ్యేదాకా ఆగితే ఒక ఇంట్లో తిరిగి సంపాదించలేని వస్తువు ఒకటి పోయేటట్టున్నది. ఆ జవాబునే కొంత పెంచి మీ అందరికోసం ఇక్కడ రాస్తున్నాను. ఇలాంటి చిక్కు ఏదో ఒకనాడు మీకూ రావచ్చును.

రాసినవాడు పశ్చిమ గోదావరి జిల్లాలో అయిదో తరగతి చదివే కుర్రవాడు. వాళ్ల ఇంట్లో ఒక ట్యాబు ఉన్నది. అందులో వాళ్ల నాన్న ప్లే స్టోరు నుంచి కార్ల పందెం ఆట ఒకటి దించి పెట్టాడు. వారం రోజులు వీడు హాయిగా ఆడుకున్నాడు. ఎనిమిదో రోజు పొద్దున చూస్తే ఆట బొమ్మ కనిపించలేదు. రెండో తరగతి చదివే చెల్లెలు కిందటి సాయంత్రం ట్యాబు పట్టుకున్నది. ఇంకేమున్నది? దొంగ దొరికింది! "నువ్వే తీసేశావు" అని వీడు, "నేను తియ్యలేదు" అని అది. వీడు దాని జడ పట్టుకుని లాగాడట. అది రెండు రోజులు వీడితో మాట్లాడలేదట.

ఆ తరువాత వీడు ఇంటర్నెట్‌లో వెదికి, ఎవరిదో ఒక వెబ్‌సైటు నుంచి అదే ఆటను మళ్లీ దించాడు. బొమ్మ రాలేదు. ఇంకోసారి దించాడు. అలా నాలుగుసార్లు. చివరకు ట్యాబు, "ఇక నాలో చోటు లేదు" అన్నది. అప్పుడు పక్కింటి స్నేహితుడు వచ్చి, "ఫ్యాక్టరీ రీసెట్ కొట్టరా, అంతా కొత్తదానిలా అయిపోతుంది" అని సలహా చెప్పాడు. జాబు చివర, చోటు చాలక, కాగితం అంచున ఇరికించి మరో మాట రాశాడు: "అమ్మమ్మ చెప్పిన కథలు నాన్న ఈ ట్యాబులోనే రికార్డు చేశాడు. అమ్మమ్మ ఇప్పుడు లేదు. రీసెట్ కొడితే అవి ఉంటాయా, మామయ్యా?"

ఉండవు, నాయనా. ఉండనే ఉండవు. ఆ మీట జోలికి పోకు. ముందు ఆ సంగతి తేల్చుకున్నాం గనుక, ఇప్పుడు నిదానంగా ఆటను వెదుకుదాం.

ట్యాబు తెరవగానే రంగురంగుల బొమ్మలు కనిపిస్తాయి గదా, అవి ఆటలు కావు. అవి పేరు పలకలు మాత్రమే. వీధి గుమ్మానికి కొట్టిన పలక ఊడిపోతే ఇల్లు కూలిపోతుందా? ఇల్లు ఉన్నచోటనే ఉంటుంది, కొత్తగా వచ్చినవాడికి ఆనవాలు దొరకదు, అంతే. బొమ్మను వేలితో నొక్కిపట్టి చూడండి. "తొలగించు" అనీ, "అన్ఇన్‌స్టాల్" అనీ రెండు మాటలు వస్తాయి. మొదటిది పలకను మాత్రం తీసేస్తుంది. రెండోది ఇంటినే పడగొడుతుంది. ఈ రెండింటికీ తేడా తెలియక ఎంతమంది పెద్దవాళ్లు కూడా కంగారుపడతారో!

మరి ఇల్లు ఉన్నదో పోయిందో తెలిసేదెలాగ? ప్లే స్టోరు తెరచి ఆ ఆట పేరు కొట్టండి. దాని పేజీలో "ఇన్‌స్టాల్" అని ఉంటే ట్యాబులో ఆట లేదన్నమాట. "ఓపెన్" అనో "ప్లే" అనో ఉంటే ఆట భద్రంగా ఉన్నది, పలక మాత్రమే కనబడడం లేదు. ఎవరి మీదనైనా నేరం మోపేముందు చెయ్యవలసిన విచారణ ఇది. అర నిమిషం పట్టదు.

ఆట ఉన్నదని తేలితే, అక్కడే ఆ మాటను నొక్కి ఆడుకోవచ్చును. పలక కూడా కావాలంటే తెర అడుగు నుంచి వేలితో పైకి తోయండి. ట్యాబులో ఉన్న యాప్‌లన్నీ అక్షర క్రమంలో బారులు తీరి కనిపిస్తాయి. పైన వెదికే పెట్టె ఉంటుంది. ఒక సంగతి: స్టోరులో మూరెడు పొడుగున్న పేరు పలక మీద రెండు ముక్కలకు కుదించుకుపోతుంది. కనుక పేరుతోనే కాక రంగుతో, బొమ్మతో కూడా గుర్తుపట్టాలి. దొరికిన దాన్ని నొక్కిపట్టి మొదటి పేజీ మీదికి లాగి వదిలితే పలక మళ్లీ గుమ్మం మీదికి వస్తుంది. కొన్ని ట్యాబులలో, కొత్తగా దించిన వాటికి పలక తగిలించవద్దనే ఏర్పాటు సెట్టింగులలో ఉంటుంది. అలాంటి ట్యాబులో ఎన్ని ఆటలు దించినా మొదటి పేజీ బోడిగానే ఉంటుంది.

ఒకే ట్యాబును ఇంటిల్లిపాదీ వాడుకునే ఇళ్లలో మరొక తమాషా జరుగుతుంది. 2012లో వచ్చిన ఆండ్రాయిడ్ 4.2 నుంచి ఒకే ట్యాబులో నాన్నకు వేరు, అమ్మకు వేరు, పిల్లలకు వేరు వాటాలు పెట్టుకునే వీలున్నది. నాన్న వాటాలో దించిన ఆట పిల్లల వాటాలో కనిపించదు. తెర పైనుంచి కిందికి లాగినప్పుడు మనిషి తలకాయ లాంటి చిన్న బొమ్మ కనబడితే, ఎవరి వాటాలో ఉన్నారో చూసుకోండి. ఇక ఐప్యాడ్ ఉన్నవాళ్లు మొదటి పేజీ మధ్యలో వేలు పెట్టి కిందికి లాగితే వెదికే పెట్టె వస్తుంది. 2021 నుంచి వాటిలో యాప్ లైబ్రరీ కూడా ఉన్నది. ఎడమవైపుకు తోసుకుంటూ పేజీలన్నీ దాటితే అదే వస్తుంది.

మన కుర్రవాడి ఆట ఎక్కడ దొరికిందో తెలుసునా? గడియారం బొమ్మ వెనకాల! ఒక బొమ్మను లాగి మరో బొమ్మ మీద వదిలితే రెండూ కలిసి ఒక సంచీలో పడతాయి. ఆ సంచీ మీద రెండు బొమ్మలూ ఆవగింజంత అయి కూర్చుంటాయి. అది చేసింది చెల్లెలి వేలో, పడుకుని ఆడే వీడి వేలో ఎవరూ చెప్పలేరు. ఆటను మాత్రం ఎవరూ తియ్యలేదు. ఈ సంగతి వాడు రెండో జాబులో రాశాడు. చెల్లెలికి చెప్పాడో లేదో మాత్రం రాయలేదు.

నాలుగుసార్లు దించిన ఫైళ్ల సంగతి చూద్దాం. ప్లే స్టోరు ఒక ఆటను రెండుసార్లు ఎక్కించదు. ఉన్నదానినే ఉన్నదంటుంది. కాని బ్రౌజరులో వెదికి దించినవి "డౌన్‌లోడ్స్" అనే అరలోకి పోతాయి. అవి ఇంకా విప్పని పార్సెళ్లు. ఫైల్స్ యాప్ తెరచి ఆ అరలో చూస్తే ఒకే పేరు నాలుగుసార్లు, పక్కన 1, 2, 3 అంకెలతో ఉన్నది. ఒక్కొక్కటి 1 జీబీ. అంటే విప్పని పార్సెళ్లే 4 జీబీ చోటు ఆక్రమించి కూర్చున్నాయి. ఆ నాలుగూ చెరిపేస్తే సరిపోయింది. దీనికి రీసెట్ ఎందుకు? ఎలుక ఉన్నదని ఇంటికి నిప్పు పెడతామా?

ఆ పార్సెళ్లు తెరుచుకోకపోవడమే మంచిదయింది. ఏపీకే అనే ఈ రకం పార్సెలు స్టోరులో నుంచి కాక ఇంకెక్కడి నుంచి వచ్చినా, ఆండ్రాయిడ్ గుమ్మంలోనే ఆపి, "తెలియని చోటు నుంచి వచ్చింది, రానివ్వమంటారా?" అని అడుగుతుంది. రానిమ్మని అనకండి. పైన కారు బొమ్మ ఉన్నంత మాత్రాన లోపల కారే ఉంటుందని ఏమున్నది? పెళ్లి శుభలేఖ అని పేరు పెట్టి వాట్సాప్‌లో ఇలాంటి ఏపీకే ఫైళ్లు పంపేవాళ్లున్నారనీ, తెరిస్తే అవి ఫోనులోని సందేశాలను చదివి డబ్బు కాజేస్తాయనీ 2024లో మన దేశంలో పోలీసులు హెచ్చరించవలసి వచ్చింది.

సరే, పలక సంగతి తెలిసింది. మరి అసలు ఇల్లెక్కడున్నది? ఫైల్స్ యాప్‌లో ఎంత వెదికినా మీకు ఆట దొరకదు. అది మామూలుగా మనం తెరవలేని లోపలి గదుల్లో ఉంటుంది. దీని వెనక ఒక పాత కథ ఉన్నది. వెనుకటి రోజుల్లో కంప్యూటరు అంటే గది నిండా ఉండే యంత్రం. దానిని చాలామంది పంచుకుని వాడుకునేవారు. ఒకరి కాగితాలు మరొకరు కెలకకుండా ఒక్కొక్క మనిషికి ఒక్కొక్క నంబరు ఇచ్చేవారు. ఫిన్‌లాండులో హెల్సింకీ విశ్వవిద్యాలయంలో చదువుకునే లీనస్ టోర్వాల్డ్స్ 1991లో లినక్స్ తయారుచేసినప్పుడు అందులోనూ ఈ పద్ధతే పెట్టాడు. ఆండ్రాయిడ్‌కు పునాది ఆ లినక్సే. కాని ట్యాబును చెరొక వేళ వాడేది ఇంట్లో నలుగురే గదా! అందుకని ఆండ్రాయిడ్ వాళ్లు ఆ నంబర్లను మనుషులకు బదులు యాప్‌లకు ఇచ్చారు. మనం దించుకునే యాప్‌ల నంబర్లు 10000 నుంచి మొదలవుతాయి. ప్రతి ఆటా తన గదిలో తాను ఉండాలి. కార్ల ఆట తలుపు తోసుకుని వచ్చి బ్యాంకు యాప్ గదిలోకి తొంగిచూడడానికి వీల్లేదు.

ఇంకా లోపలికి పోదాం. ఆ గది దేనిమీద కట్టి ఉన్నది? గోరంత చిప్పు మీద. దానిని ఫ్లాష్ మెమరీ అంటారు. తోషిబా కంపెనీలో పనిచేసిన జపాను ఇంజనీరు ఫుజియో మసువోకా 1984లో దీనిని లోకానికి చూపించాడు. అందులో కంటికి ఆనని గూళ్లు కోట్లకొద్దీ ఉంటాయి. గూటి చుట్టూ గాజువంటి పొర. గట్టిగా విద్యుత్తుతో తోస్తే ఎలక్ట్రానులు ఆ పొరలో నుంచి దూరి లోపల పడతాయి. తోపు ఆగిపోగానే బయటికి రాలేక అక్కడే చిక్కుకుంటాయి. ట్యాబు ఆపివేసినా, బ్యాటరీ అయిపోయినా అవి అలాగే ఉంటాయి. గూట్లో ఎలక్ట్రానులు ఉన్నాయా, లేవా అన్నదే చిప్పు చదువుకునే అక్షరం.

1 జీబీ ఆటలో అలాంటి "ఉన్నది, లేదు" అనే జవాబులు ఎన్నో లెక్క కట్టండి. 100 కోట్ల బైట్లు, బైటుకు 8. మొత్తం 800 కోట్లు! 2022 నవంబరులో భూమి మీది జనాభా 800 కోట్లకు చేరిందని ఐక్యరాజ్యసమితి ప్రకటించింది. అంటే ఆ రోజున ఉన్న మనుషులందరికీ తలా ఒక జవాబు పంచిపెట్టవచ్చునన్నమాట. ఇప్పటి చిప్పులలో ఒక్క గూట్లోనే మూడేసి జవాబులు ఇమిడ్చే నేర్పు వచ్చింది గనుక గూళ్లు అందులో మూడోవంతు చాలు.

పైగా ఆట అంతా ఒకచోట ఉండదు. పదేపదే రాసి చెరిపితే గూళ్లు అరిగిపోతాయి. అందుకని చిప్పు అన్ని గూళ్లనూ సమంగా వాడుతూ ఆటను ముక్కలు ముక్కలుగా ఎక్కడెక్కడో పెట్టి, ఏ ముక్క ఎక్కడున్నదో పట్టీ రాసుకుంటుంది. అమ్మమ్మ కథ కూడా అలాగే ఉన్నది. ఒక మాట ఈ మూల, ఒక దగ్గు ఆ మూల, ఊ కొట్టిన మనవడి గొంతు మరో మూల. అవన్నీ రహస్య లిపిలో ఉంటాయి. 2019లో వచ్చిన ఆండ్రాయిడ్ 10 నుంచి కొత్త పరికరాలన్నిటికీ ఇది తప్పనిసరి. ఫ్యాక్టరీ రీసెట్ కొట్టినప్పుడు జరిగేదేమంటే, ఆ లిపిని చదివే తాళంచెవిని ట్యాబు పారేస్తుంది. ఇక ఆ ముక్కలను ఎంతటి నిపుణుడు పోగుచేసినా అర్థం లేని ఇసుకే.

ఆట పోయిందనుకోండి, ప్లే స్టోరుకు మన ఖాతా గుర్తుంటుంది. ఇదివరకు ఏమేం దించామో పట్టీ చూపించి మళ్లీ ఇస్తుంది. ఎక్కిన మెట్లు పోవచ్చు, మొదటి మెట్టు నుంచి ఆడాలి, అంతే గదా. అమ్మమ్మ గొంతుకు ఏ స్టోరూ లేదు. ఫోటోలను ఇంటర్నెట్‌లో దాచే ఏర్పాటు కొందరు చేసుకుంటారు గాని, అది ఇలాంటి శబ్దం ఫైళ్లను పట్టించుకోదు.

కాబట్టి, నాయనా, ముందు నాన్నను పక్కన కూర్చోబెట్టుకుని ఫైల్స్ యాప్‌లో "ఆడియో" అనే అర తెరువు. కథలు అక్కడ ఉంటే వాటిని మెమరీ కార్డులోకి ఒకసారి, నాన్న ఫోనులోకో కంప్యూటరులోకో మరొకసారి కాపీ చెయ్యి. అక్కడ లేకపోతే రికార్డు చేసిన యాప్ తెరచి, "షేర్" అన్న గుర్తు నొక్కి పంపు. కొన్ని రికార్డింగు యాప్‌లు ఫైళ్లను తమ గదిలోనే దాచుకుంటాయి. ఆ యాప్‌ను తీసేస్తే కథలూ దానితోపాటే పోతాయి. కాపీ అయిందని తెర చెప్పినంత మాత్రాన నమ్మవద్దు. రెండో చోట పెట్టి ప్రతి కథా చివరిదాకా వినండి. చెల్లెల్ని కూడా పిలువు. దానికి అప్పుడు ఏడాదో రెండేళ్లో తక్కువ వయసు. ఏ కథ ఎక్కడ ఆగిపోయిందో నీకంటే దానికే బాగా గుర్తుండవచ్చును.

జాబులో నువ్వు అడిగిన మరో ప్రశ్న మిగిలిపోయింది: "ఆటలు ఎక్కించిన కొద్దీ ట్యాబు బరువెక్కుతుందా?" మన త్రాసుకు తెలిసేటంత ఎక్కదు. ఎలక్ట్రానులు స్టోరు నుంచి రావు. ట్యాబులో ఉన్నవే ఇక్కడి నుంచి అక్కడికి జరిగి కూర్చుంటాయి. బియ్యం బస్తాలో పైగింజలు కిందికి, కిందిగింజలు పైకి పోయినట్టు. నీ చేతికి సాయంకాలానికి బరువనిపిస్తే, అది పొద్దుటినుంచీ పట్టుకుని ఉన్నందువల్ల.

మీ
మామయ్య