ఓడిన ఆటను రాసుకోండి



మా విశాఖపట్నం పూర్ణా మార్కెట్‌లో ఉల్లిపాయల కొట్టు ముందు ఎప్పుడైనా కాసేపు నిలబడి చూడండి. బస్తా విప్పి కుప్ప పోయగానే గుమాస్తా ఒక్క చూపు చూసి, "ఇందులో ఐదు కేజీలు పోతాయి" అంటాడు. కుళ్లినవి ఏరి తూచి చూస్తే ఆయన మాట ఇంచుమించు సరిపోతుంది. ఆయన్ని పుట్టుమేధావి అని ఎవరూ అనరు. "ఇరవై ఏళ్లుగా అదే పని కదా!" అంటారు. మరి చదరంగం గ్రాండ్‌మాస్టరును చూస్తే మాత్రం, "ఆ తెలివి పుట్టుకతో రావాలండీ" అనేస్తాం. ఈ మాట పిల్లలకు చెరుపు చేస్తుందని నా అభిప్రాయం.

నేనూ ఆ మాట అన్నవాణ్ణే. కొన్నేళ్ల కిందట తొమ్మిదో తరగతిలో నా దగ్గర ఒక కుర్రవాడు చదివేవాడు. వాళ్ల నాన్న పూర్ణా మార్కెట్‌లో కళాసీ, బస్తాలు మోసేవాడు. ఒకరోజు నేను పాఠం చెబుతుంటే వీడు వెనక బెంచీలో అట్టముక్క మీద గళ్లు గీసి, సీసామూతలను పావులుగా పెట్టి చదరంగం ఆడుతున్నాడు. అట్ట లాక్కుని, "ఇది పుట్టుకతో బుర్ర ఉన్నవాళ్ల ఆట. నువ్వు ముందు పాసవు" అన్నాను. పాఠం వేళ ఆట ఆపించడం న్యాయమే. కాని ఆ మాట న్యాయం కాదు. వాడు అట్ట తిరిగి ఇమ్మని అడగలేదు. మళ్లీ ఆడగా నేను చూడనూ లేదు.

ఇంతకీ ఆరితేరిన ఆటగాడి బుర్రలో ఏముంటుంది? అమెరికాలో విలియం చేజ్, హెర్బర్ట్ సైమన్ అనే శాస్త్రజ్ఞులు 1973లో ఒక చక్కని ప్రయోగాన్ని ప్రచురించారు. ఆట మధ్యలో ఉన్న బల్లను ఐదు సెకన్లు చూపించి, మూసేసి, పావులను మరో బల్లమీద అలాగే పెట్టమన్నారు. ఆరితేరినవాడు సుమారు 16 పావులు సరిగా పెట్టాడు. కొత్తవాడు నాలుగు పెట్టాడు. "చూశారా, ఎంత జ్ఞాపకశక్తో!" అంటారా? ఆగండి. తర్వాత పావులను ఇష్టమొచ్చినట్లు చెల్లాచెదరుగా పెట్టి చూపించారు. ఈసారి ఇద్దరికీ తేడా దాదాపు లేకుండా పోయింది! వేల ఆటలు ఆడి, చూసి, పావుల పొందికలను గుర్తుపట్టడం ఆయనకు అలవాటయింది. ఆ పొందిక చెదిరిపోతే ఆయనా మనలాంటివాడే. ఉల్లిపాయల గుమాస్తాను బంగారం కొట్టులో నిలబెడితే ఆయన చూపు పనిచేస్తుందా? ఇదీ అంతే.

మన తెలుగు గ్రాండ్‌మాస్టర్ల సంగతి చూడండి. గుంటూరులో పుట్టిన పెంటేల హరికృష్ణ 2001లో 15 ఏళ్ల వయసులో గ్రాండ్‌మాస్టరై, 2004లో ప్రపంచ జూనియర్ చాంపియన్ అయ్యాడు. కోనేరు హంపి 2002లో 15 ఏళ్ల 1 నెల 27 రోజుల వయసులో ఆ హోదా అందుకుంది. అప్పటికి అంత చిన్న వయసులో ఏ బాలికా దాన్ని సాధించలేదు. వరంగల్ కుర్రవాడు ఎరిగైసి అర్జున్ 2018లో 14 ఏళ్లకే గ్రాండ్‌మాస్టరై, 2024 డిసెంబరులో 2801 రేటింగు చేరాడు.

ఈ రేటింగు లెక్కను తయారుచేసినవాడు ఆర్పాడ్ ఎలో అనే భౌతికశాస్త్ర అధ్యాపకుడు. అంతర్జాతీయ చదరంగ సమాఖ్య 1970లో దాన్ని స్వీకరించింది. గ్రాండ్‌మాస్టరు కావాలంటే 2500 రేటింగు చేరాలి. ఈ లెక్క ప్రకారం, మీకంటే 200 రేటింగు తక్కువ ఉన్నవాడితో 100 ఆటలు ఆడితే మీకు సుమారు 76 పాయింట్లు వస్తాయి. మిగతా 24 అవతలివాడివే! అంటే ఎంత గొప్పవాడికైనా ఓటమి తప్పదని లెక్కే చెబుతోంది.

ద్రోణవల్లి హారిక ప్రపంచ మహిళల చాంపియన్‌షిప్‌లో 2012, 2015, 2017 సంవత్సరాల్లో మూడుసార్లు సెమీఫైనల్లో ఓడి కాంస్యంతో తిరిగివచ్చింది. ఆట మానలేదు. 2024లో బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో స్వర్ణం గెలిచిన భారత మహిళల జట్టులో ఆమె ఉంది. అదే ఏడాది డిసెంబరులో న్యూయార్క్‌లో హంపి మొదటి ఆటే ఓడింది. అయినా 11 ఆటల్లో 8.5 పాయింట్లతో, 2019 తర్వాత రెండోసారి ప్రపంచ ర్యాపిడ్ చాంపియన్ అయింది. అదే ఏడాది సింగపూర్‌లో, చెన్నైలోని తెలుగు కుటుంబంలో పుట్టిన గుకేశ్ కూడా డింగ్ లిరెన్ చేతిలో మొదటి ఆట ఓడాడు. చివరికి 7.5–6.5తో గెలిచి, 18 ఏళ్లకే ప్రపంచ విజేత అయ్యాడు.

నిదానంగా సాగే పెద్ద పోటీల్లో ఆటగాళ్లు ప్రతి ఎత్తునూ కాగితం మీద రాసుకోవాలి. అది నియమం. ఆట అయ్యాక ఆ కాగితం ముందుపెట్టుకుని, ఎక్కడ తప్పు జరిగిందో వెతుక్కుంటారు. మన సైన్సు రికార్డు కూడా ఇలాంటిదే. ప్రయోగం తప్పితే ఆ కొలతను చెరిపేసి పక్కవాడి కొలత ఎక్కించుకునే అలవాటు మీలో కొందరికి ఉంది. అలా చేస్తే తప్పు ఎక్కడుందో ఎప్పటికీ తెలియదు.

"అయితే అందరం గ్రాండ్‌మాస్టర్లం అవుతామా మాస్టారూ?" అంటారేమో. కారు. మనుషుల మధ్య పుట్టుకతో తేడాలే లేవని నేననను. చదరంగం ఆడితే లెక్కల్లో మార్కులు పెరుగుతాయనీ హామీ ఇవ్వను. కాని ఒకటి గమనించండి. హరికృష్ణకు నాలుగో ఏట తాతగారు ఆట నేర్పారు. హంపికి శిక్షణ ఇవ్వడానికి తండ్రి అశోక్‌గారు ఉద్యోగమే వదులుకున్నారు. తెల్లవారుజామునే బస్తాల కిందికి వెళ్లే తండ్రికి ఆ తీరిక ఎక్కడిది? ఆ ఇంటి పిల్లలకు తాతా తండ్రీ బడే కావాలి. వారానికి ఒక పీరియడు, రెండు బల్లలు, నేర్పే మాస్టారు ఒకరు ఉంటే చాలు. ఇది పెద్ద ఖర్చు కాదు. ఆ పీరియడు ఇవ్వండని మీ హెడ్మాస్టరుగారిని మీరే అడగండి.

బల్లలు వచ్చేదాకా ఆగనక్కరలేదు. అట్టముక్క మీద 64 గళ్లు గీయండి. 32 సీసామూతలు ఏరుకుని వాటిమీద రాజు, మంత్రి, ఏనుగు, శకటు, గుర్రం, బంటు అని రాయండి. ఒక నోటుబుక్కు కుట్టుకోండి. ముందుగా, ఓడిన ఆటను అందులో రాయండి. పాఠం వేళ మాత్రం వద్దు సుమా!