కీలు వాపుకు 'వాతం' అన్న ఒక్క మాట చాలదు

మోకాలు వాచినా, మణికట్టు బిగుసుకున్నా, వేలు ముడవలేకపోయినా మన ఇళ్లలో వినిపించే మాట ఒక్కటే: "వాతం చేసింది." ఆ మాటలో తప్పు లేదు గాని, అక్కడితో ఆగిపోవడంలోనే ప్రమాదమంతా ఉంది. వాతమే అయితే ఏ వాతం? ఆమంతో కలిసినదా, రక్తంతో కలిసినదా, వయసుతో కీలు అరిగి వచ్చినదా? లేక వాతమే కాక కీలులో చీము పట్టిన విద్రధియా? ఈ ప్రశ్నకు వైద్యుడు చీటీ మీద రాసే జవాబునే నేడు అంకెలలోకి మార్చి 'కోడ్' అంటున్నారు. ఇది ఆసుపత్రి గుమాస్తాల పని అని మన వైద్యులలో అనేకులు తోసిపుచ్చుతున్నారు. నేను వారితో ఏకీభవించలేను.

ఈ అంకెల పద్ధతి నిన్న మొన్నటిది కాదు. 1893లో జాక్ బెర్టిలన్ అనే ఫ్రెంచి గణాంక శాస్త్రజ్ఞుడు మరణ కారణాలకు ఒక పట్టిక కూర్చాడు. 1948లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఆ బాధ్యతను స్వీకరించి, మరణాలతో పాటు వ్యాధులను కూడా అందులో చేర్చింది. 1990లో ఆమోదం పొందిన పదవ సవరణను చూడండి. సూక్ష్మజీవులు చేరి చీము పట్టిన కీలుకు ఎం 00 అని సంఖ్య. స్టెఫిలోకాకస్ వల్లనైతే ఎం 00.0, న్యూమోకాకస్ వల్లనైతే ఎం 00.1, ఏ జీవి వల్లనో తేలకపోతే ఎం 00.9. స్నాయువును, అంటే జనం 'నరం' అని పిలిచే దానిని, కప్పి ఉండే తొడుగులో చీము గడ్డకడితే ఎం 65.0. ఆ తొడుగుకు అంటు సోకి వచ్చిన ఇతర శోథలకు ఎం 65.1. క్షయ కీలుకు పాకితే సంఖ్యలు రెండు రాయాలి: మూలవ్యాధికి ఏ 18.0, అది కీలులో కనబడిన తీరుకు ఎం 01.1. మొదటిదానికి కత్తి గుర్తు, రెండవదానికి నక్షత్రం గుర్తు పెడతారు. హేతువు వేరు, అధిష్ఠానం వేరు అని నిదానశాస్త్రం చదివిన వారికి ఇది కొత్త సంగతిగా తోచదు.

ఇదే పట్టికలో ఎం 25.5 అనే సంఖ్య కూడా ఉంది. దాని అర్థం 'కీలు నొప్పి', అంతే. అది లక్షణమే గాని రోగం పేరు కాదు. తొందరలో ఉన్న చోటల్లా ఈ సంఖ్యే చీటీలకెక్కుతుంది.

పెద్ద అంబర్‌పేట్‌లో నా వద్దకు వచ్చేవారు ఎక్కువగా కూరగాయలు పండించేవారు, తాపీ పనివారు, విజయవాడ రహదారి మీద లారీలు నడిపేవారు. చేతులతో బ్రతికే మనుషులు. కొన్నేళ్ల క్రితం వంకాయలు కోసే ఒకావిడ చూపుడువేలు చూపించింది. ముల్లు గుచ్చుకుని అయిదు రోజులైంది. అంతకుముందు ఏదో క్లినిక్‌లో చూపించుకుంటే చీటీ మీద 'కీలు నొప్పి' అని మాత్రమే రాసి నొప్పి మాత్రలిచ్చారట. ఇంట్లోవారు నువ్వులనూనె మర్దించి ఉప్పు కాపడం పెట్టారు. వేలు కొద్దిగా ముడుచుకుని ఉంది. మొదలు నుండి చివర వరకు ఒకే తీరున ఉబ్బి ఉంది. స్నాయువు వెంబడి ఎక్కడ నొక్కినా బాధ. వేలిని చాపబోతే కేక పెట్టింది. చికాగో శస్త్రవైద్యుడు కనవెల్ నూరేళ్ల క్రితమే చెప్పిన నాలుగు గుర్తులూ ఇవే. నేను మందు ఇవ్వలేదు. ఆ సాయంత్రమే ఎల్‌బీ నగర్ వైపు శస్త్రవైద్యుని వద్దకు పంపాను. చీము తీశారు, వేలు దక్కింది. కాని దాని కొన ఇప్పటికీ పూర్తిగా వంగదు.

చీము ఉన్న చోట మర్దన చేస్తే ఆ చీము తొడుగు వెంట పైకి పాకుతుంది. చీము పట్టిన కీలులో మృదులాస్థి కొద్ది రోజుల్లోనే కరిగిపోతుంది, తిరిగి పెరగదు. అక్కడ శొంఠి కషాయానికి గాని, వావిలాకు కట్టుకు గాని పని లేదు. ఇవి మంచివి కావని నేననడం లేదు. అరిగిన మోకాలికి వావిలాకు కాపడం నేను నేటికీ చెబుతున్నాను. సమయం కానప్పుడు వాడితే అవే అపకారం చేస్తాయి.

ఇది పాశ్చాత్యుల నుండి అరువు తెచ్చిన భయమని ఎవరైనా అంటే సుశ్రుతుని సూత్రస్థానం తెరిచి చూడమంటాను. వాపులో ఆమావస్థ, పచ్యమానావస్థ, పక్వావస్థ అని మూడు దశలు చెప్పి, పచ్చి వాపును కోసేవాణ్ణి, పండిన వాపును ఉపేక్షించేవాణ్ణి ఆయన ఒకే గాటన కట్టి నిందించాడు. నక్కతలలా ఉబ్బే మోకాలికి క్రోష్టుకశీర్షమని విడిగా పేరు పెట్టినదీ ఆయనే. అటు తరువాత మాధవకరుడు కేవలం రోగనిర్ణయానికే ఒక గ్రంథం రాసి, ఆమవాతానికి ప్రత్యేకంగా ఒక అధ్యాయం కేటాయించాడు. మన పూర్వులు పేర్లు విడదీయడానికి ఏనాడూ వెనుకాడలేదు.

ఇప్పుడు మన పక్కనే జరుగుతున్న పని చెప్పాలి. దిల్‌సుఖ్‌నగర్ దాటగానే గడ్డిఅన్నారంలో జాతీయ భారతీయ వైద్య వారసత్వ సంస్థ ఉంది. ఆయుర్వేద రోగనామాలకు ప్రామాణిక సంఖ్యలు కూర్చే జాతీయ కృషిలో దానికి భాగముంది. 2017లో కేంద్ర ఆయుష్ శాఖ 'నమస్తే' పేరిట ఈ సంఖ్యలను వెలువరించింది. 2024 జనవరి 10న ఢిల్లీలో ప్రపంచ ఆరోగ్య సంస్థ తన పదకొండవ సవరణలో ఆయుర్వేద, సిద్ధ, యునాని రోగనామాల విభాగాన్ని విడుదల చేసింది. ఆమవాతం, సంధిగత వాతం వంటి పేర్లు ప్రపంచ పట్టికకు ఎక్కడం మనకు గర్వకారణమే.

అయినా నాకొక బెంగ ఉంది. ఆమవాతంలోనూ జ్వరముంటుంది, చేతులు, కాళ్లు, మోకాళ్లు వాస్తాయి. కాబట్టి జ్వరంతో వాచిన ప్రతి కీలునూ ఆ సంఖ్య కింద వేసేయడం సులభం. ఆమవాతం సాధారణంగా అనేక కీళ్లను పట్టి పీడిస్తుంది. చీము పట్టిన కీలు చాలాసార్లు ఒక్కటే. ఎర్రబడి, వేడెక్కి, కదలనివ్వదు. ఈ రెండూ ఒకే సంఖ్య కిందికి చేరితే రోగికి కలిగే నష్టం అలా ఉంచి, ఆమవాతానికి మన మందులు ఎంత పని చేశాయో లెక్క తీసే దారి కూడా మూసుకుపోతుంది. అందుచేత మన సంఖ్య పక్కన ఆధునిక వైద్యపు సంఖ్య కూడా తప్పనిసరిగా రాయాలని నా కోరిక. ప్రపంచ ఆరోగ్య సంస్థ పెట్టిన విధానం ఈ జంట నమోదుకు చోటిస్తోంది. రాయడానికి మనకు ఓపిక కావాలి, అంతే.

ప్రతి రోగి ప్రకృతి వేరైనప్పుడు సంఖ్యలలో ఎలా ఇముడుతాడని పెద్దలైన వైద్యమిత్రులు కొందరు అడుగుతారు. సంఖ్య రోగానికి పేరు మాత్రమే పెడుతుంది. అనుపానం, పథ్యం నిర్ణయించడం వైద్యుని చేతిలోనే ఉంటుంది. ఎక్కువ సొమ్ము వచ్చే పేరే చీటీకి ఎక్కుతుందేమోనన్న మరొక శంక మాత్రం కొట్టిపారేయదగినది కాదు. 2024 ఏప్రిల్ నుండి బీమా కంపెనీలు ఆయుష్ చికిత్సను ఇతర చికిత్సలతో సమంగా చూడాలన్న నియమం వచ్చింది గనుక దీనిపై కన్ను వేసి ఉంచవలసిందే.

ఒకే కీలు హఠాత్తుగా వాచి జ్వరం వస్తే, మధుమేహం ఉన్నవారి వేలు ముల్లు గుచ్చుకుని ఉబ్బితే, నడిచే పసివాడు జ్వరంతో కాలు నేల మీద మోపకపోతే, నూనె సీసా పక్కన పెట్టి ఆ రోజే ఆసుపత్రికి వెళ్లాలి. కీలులోని నీరు తీసి పరీక్షించమని అడగాలి. చీటీ మీద 'నొప్పి' అని మాత్రమే ఉంటే, రోగం పేరేమిటో రాయమని మర్యాదగా అడగడానికి సంకోచించనవసరం లేదు. గడ్డిఅన్నారం పండితులు ఈ కీళ్ల జబ్బుల పేర్లను, రెండు పద్ధతుల సంఖ్యలను, ప్రమాద సూచనలను ఒకే కాగితం మీద తెలుగులో అచ్చు వేయించి పంపితే, నా గది గోడకు మొదటి ప్రతి నేనే అంటించుకుంటాను.