నురగ కొట్టే ముందు

మా పెద్దమ్మ కొడుకు డల్లాస్ దగ్గర ఉంటాడు. వారమంతా కోడింగ్, శనివారం ఆఫీసు వాళ్ళతో కలిసి షూటింగ్ రేంజ్. పోయిన నెల ఒక వీడియో పంపాడు. రైఫిల్ గొట్టం మూతిలో సన్న ట్యూబ్ పెట్టి స్ప్రే డబ్బా నొక్కాడు. షేవింగ్ క్రీమ్ లాంటి తెల్లటి నురగ లోపలంతా నిండి మళ్ళీ మూతిలోంచే పొంగుకొచ్చింది. పావుగంట తర్వాత గుడ్డ ముక్క తోసి బయటికి తీస్తే నీలం రంగు. ఇంకు సీసా ఒలికినట్టుంది.

ఆ వీడియోని మా ఎన్‌సీసీ గ్రూపులో పెట్టాను. పది నిమిషాల్లో ముప్పై రియాక్షన్లు. "మావా, మనక్కూడా ఒక డబ్బా తెప్పించు, తలా యాభై వేసుకుందాం" అని ఒకడు. "ఇక చిందీల పని లేదు" అని ఇంకొకడు. క్యాంపులో ఫైరింగ్ అయ్యాక ఎండలో కూర్చుని గొట్టాలు తుడిచిన వాళ్ళకి ఆ ఆశ ఎందుకొచ్చిందో నాకు తెలుసు. నేనూ తుడిచాను. అయినా డబ్బా వద్దంటున్నాను. గ్రూపులో రాస్తే ఎవరూ చదవరు కాబట్టి ఇక్కడ రాస్తున్నా.

ముందు నురగ గొప్పతనం చెప్పాలి, లేకపోతే అన్యాయం. రైఫిల్ గొట్టం లోపల నున్నగా ఉండదు, మెలి తిరిగిన గాడులుంటాయి. తూటా తిరుగుతూ వెళ్ళేది వాటి వల్లే. పెద్ద రైఫిళ్ళ తూటాకి పైన రాగి తొడుగు ఉంటుంది. ఆ వేగానికి, వేడికి రాగి కొంచెం కొంచెంగా గాడులకి అంటుకుంటుంది. దాని మీద కాలిన మందు మసి, మళ్ళీ రాగి, మళ్ళీ మసి. మామూలు ద్రావకం పోస్తే అది కిందికి జారి గొట్టం అడుగునే నిలుస్తుంది, పైభాగం పొడిగానే ఉండిపోతుంది. నురగ జారదు. చుట్టూ అంటిపెట్టుకుని నానబెడుతుంది. అసలు కిటుకంతా అంతే. నీలం రంగు, కరిగిన రాగిది. ఇంటర్‌లో కాపర్ సల్ఫేట్‌కి అమ్మోనియా కలిపితే ముదురు నీలం వస్తుందని బట్టీ పట్టాం కదా, దాదాపు ఆ కథే. అమ్మోనియా లేని నురగలు కూడా ఉన్నాయి, రాగికి అవీ నీలమే చూపిస్తాయి. మా అమ్మమ్మ రాగి బిందెకి చింతపండు పట్టించి కాసేపు వదిలేసేది. "చిలుం దానంతటదే వదులుద్ది, నువ్వు గీకమాకు" అనేది. రసాయనం వేరైనా పద్ధతి అమ్మమ్మదే.

ఇక్కడో తమాషా కూడా ఉంది. గుడ్డని తోసే కడ్డీ కొనకి ఇత్తడి ముక్క ఉంటే, బ్రష్ కంచుదైతే, వాటిలోనూ రాగి ఉంటుంది. నురగ దాన్ని కూడా తింటుంది. గొట్టం శుభ్రంగా ఉన్నా గుడ్డ నీలంగానే వస్తుంది. పాపం, తెలియనివాడు మళ్ళీ నురగ కొడతాడు, మళ్ళీ నీలం. కోడ్ బాగానే ఉండి టెస్ట్ కేసులో బగ్ ఉన్నప్పుడు రాత్రంతా మనం పడే బాధ ఇదే. అందుకే తెలిసినవాళ్ళు నైలాన్ బ్రష్ వాడతారు.

ఇప్పుడు మన సంగతి. మేం కాల్చేది పాయింట్ టూటూ రైఫిల్. దాని తూటా ఉత్త సీసం, రాగి తొడుగు లేదు. లోపల మిగిలేది సీసం, తూటాకి రాసిన మైనం లాంటి జిడ్డు, మసి. రాగిని కరిగించే నురగకి అక్కడ కరిగించడానికి రాగే లేదు. మసి కొంచెం వదలొచ్చు, కాదనను. కానీ గుడ్డ తెల్లగా బయటికి రాగానే మనవాళ్ళు "చూశావా, ఎంత క్లీన్‌గా ఉందో" అంటారు. నీలం రాకపోవడానికి కారణం శుభ్రత కాదు, రాగి లేకపోవడం. సీసం అక్కడే ఉండొచ్చు. నా గొడవ ఇదే. ఏ మురికి పోవాలో తెలియకుండా మందు కొనడానికి డబ్బులు పోగేస్తున్నాం.

ఇది కొత్త సమస్య కూడా కాదు. పాత త్రీనాట్‌త్రీ తూటాల ప్రైమర్‌లో పొటాషియం క్లోరేట్ ఉండేది. అది పేలాక గొట్టంలో ఒక రకం ఉప్పు మిగులుతుంది. ఉప్పు గాల్లో తేమని లాగుతుంది, తుప్పు మొదలవుతుంది. నూనె ఎంత పూసినా ఉప్పు కరగదు. అందుకే అప్పటి సిపాయిలు గరాటు పెట్టి గొట్టంలో మరిగే నీళ్ళు పోసేవాళ్ళు. తుపాకిలో నీళ్ళు పొయ్యడమేంటని మనకి నవ్వొస్తుంది. వాళ్ళకి మాత్రం లోపలున్నది ఉప్పని తెలుసు.

తెలియకపోతే ఏమవుతుందో వియత్నాంలో అమెరికా సైన్యం చూసింది. 1960ల్లో ఎం-16 రైఫిల్ కొత్తగా వచ్చినప్పుడు, దీన్ని పెద్దగా శుభ్రం చెయ్యక్కర్లేదు అనే మాట పాకిపోయింది. చాలామందికి క్లీనింగ్ కిట్లే అందలేదు. తూటాలో మందు రకం మార్చారు. ఛాంబర్‌కి క్రోమ్ పూత వెయ్యలేదు. ఆ అడవి తేమకి ఛాంబర్లు తుప్పు పట్టి, పేలిన ఖాళీ తొడుగులు లోపలే ఇరుక్కుపోయాయి. జామైన రైఫిల్ చేతిలో పట్టుకుని కుర్రాళ్ళు చచ్చిపోయారు, మన వయసు వాళ్ళే. 1967లో వాళ్ళ పార్లమెంటు కమిటీ విచారణ చేసింది. తర్వాత క్రోమ్ పూత, కిట్లు వచ్చాయి. విల్ ఐస్నర్ అనే కామిక్స్ ఆర్టిస్టు బొమ్మలతో సైన్యం ఒక చిన్న పుస్తకం కూడా వేసింది, రైఫిల్‌ని ఎలా చూసుకోవాలో చెప్తూ. ఈ మొత్తం కథలో నాకు బాగా నచ్చింది ఆ కామిక్. సైనికుడికి కారణం చెప్పాలనీ, అర్థమయ్యే భాషలో చెప్పాలనీ ఎవరికో ఒకరికి తట్టింది.

మాకలా ఎవరూ చెప్పలేదు. రెండేళ్ళ పాటు "ఫుల్‌త్రూ" అనేది హిందీ మాట అనుకున్నాను. అది ఇంగ్లీషు "పుల్ త్రూ" అని, లోపల్నుంచి లాగే తాడు కాబట్టి ఆ పేరని మొన్నీమధ్య తెలిసింది. ఇంగ్లీషు మీడియంలో చదివి నేను సాధించింది ఇది! ఆ తాడుకి ఒక చివర ఇత్తడి బరువు, రెండో చివర ఉచ్చు. ఉచ్చులో చిందీ, అంటే నాలుగంగుళాల పొడవు రెండంగుళాల వెడల్పు గుడ్డ పెట్టి, బరువుని బోల్ట్ వైపు నుంచి వదిలి, మూతి వైపు నుంచి ఒకే ఊపులో లాగాలి. అలాగే ఎందుకంటే, తూటా చివరిగా తాకేది మూతి అంచునే. తాడో కడ్డీయో రాసుకుని ఆ అంచు అరిగితే గురి పోతుంది. "వన్, టూ, ఖీంచ్" అని నేర్పారు, ఈ కారణం మాత్రం చెప్పలేదు.

పోయినేడు క్యాంపులో ఒక చిందీ బదులు రెండు మడతపెట్టి పెట్టాను. ఎక్కువ గుడ్డ, ఎక్కువ శుభ్రం అన్నది నా లెక్క. సగంలో ఇరుక్కుంది. ఫ్రెండ్ బట్ పట్టుకున్నాడు, నేను లాగాను, తాడు తెగి చేతికొచ్చింది. చిందీలు లోపలే ఉన్నాయి. నిజం చెప్పాలంటే ఒక అర నిమిషం, రైఫిల్ తీసుకెళ్ళి ర్యాక్‌లో పెట్టేసి ఊరుకుందామనుకున్నా. ఎవరు తుడిచారో ఎవరికి తెలుసు? ఫ్రెండ్ నా మొహం చూశాడు, నేను వాడి మొహం చూశాను. తర్వాత ఉస్తాద్ దగ్గరికి వెళ్ళాం. ఆయన తిట్టలేదు. బోల్ట్ తీసి, గొట్టాన్ని ఆకాశం వైపు తిప్పి నన్ను చూడమన్నాడు. మామూలుగా గుండ్రటి వెలుగు కనపడాలి. చీకటిగా ఉంది. "రేపు దీన్ని ఎవడైనా ఫైర్ చేస్తే?" అని హిందీలో అడిగాడు. ముందు దారి మూసుకుపోతే తూటా వెనకున్న ఒత్తిడి గొట్టాన్ని ఉబ్బిస్తుంది, పగిలినా పగులుతుంది. మర్నాడు ఫైరింగ్ ఫస్ట్ ఇయర్ అమ్మాయిలది. ఆయన కడ్డీతో నెట్టి చిందీలు తీసి నా చేతిలో పెట్టాడు. ఇప్పటికీ నా దగ్గరున్నాయి.

ఆ తర్వాత నుంచి తుపాకి వీడియో ఏదైనా మురికి కంటే ముందు బోల్ట్ చూడటం అలవాటైంది. అన్నయ్య వీడియోలో మాత్రం నురగ మాయలో పడి చూడలేదు. మూడోసారి చూస్తుంటే కనపడింది. బోల్ట్ మూసి ఉంది. ట్యూబ్ పెట్టిన చెయ్యి సరిగ్గా మూతి ముందుంది.

ఫోన్ చేశాను.

"అన్నయ్యా, స్ప్రే కొట్టే ముందు ఖాళీగా ఉందో లేదో చూశావా?"

"చూడకుండా ఉంటానేంట్రా, మ్యాగజైన్ తీసేశాగా."

"మ్యాగజైన్ కాదు, ఛాంబర్."

కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత "రేంజ్‌లో చూశాననుకుంటా" అన్నాడు. అనుకుంటా!

మ్యాగజైన్ తీసేసినా ఛాంబర్‌లో ఒక తూటా ఉండిపోవచ్చు. మా "ఖాలీ కర్", "జాంచ్ శస్త్ర్" డ్రిల్లులన్నీ ఆ ఒక్కదాని కోసమే. తుపాకి శుభ్రం చేస్తుంటే పేలి మనవాళ్ళ పిల్లాడు పోయాడని అమెరికా నుంచి వార్త వచ్చినప్పుడు, కింద కామెంట్లలో "అంత నిర్లక్ష్యమా" అని రాసేవాళ్ళని చూశాను. నిర్లక్ష్యం కాకపోవచ్చు. మా అన్నయ్య ఇంట్లో పాల గిన్నె కింద స్టవ్ ఆపానో లేదో మూడుసార్లు చూసుకునే రకం. డబ్బా మీద వాడే పద్ధతి చదివాడు, ఎంతసేపు ఉంచాలో చదివాడు. వీడియోలో అందరూ నురగ నుంచి మొదలుపెడతారు, అతనూ నురగ నుంచే మొదలుపెట్టాడు.

కాబట్టి గ్రూపులో వాళ్ళకి నా మాట. ఆ యాభైలు పోగు చెయ్యండి, వద్దనను. వాటితో మంచి ఫ్లానెల్ గుడ్డ కొని సైజుకి కత్తిరించుకుందాం, తెగేలా ఉన్న తాళ్ళు మార్పించమని అడుగుదాం. ఒక ఆదివారం ఉస్తాద్‌ని కూర్చోబెట్టి ప్రతి మెట్టుకీ ఎందుకని అడిగి తెలుగులో రాసుకుందాం. ఫైరింగ్‌కి ముందు నూనె ఎందుకు తుడిచెయ్యాలి, తర్వాత మళ్ళీ ఎందుకు పుయ్యాలి, అన్నీ. బొమ్మలు గియ్యడానికి సివిల్ బ్రాంచ్ వాళ్ళున్నారు.

అన్నయ్య మొన్న ఇంకో వీడియో పంపాడు. మొదటి ఇరవై సెకన్లు అసలు నురగే లేదు. బోల్ట్ తెరిచి, ఛాంబర్‌లోకి టార్చ్ కొట్టి, చిటికెన వేలు పెట్టి తడిమి చూపిస్తున్నాడు. వెనక నుంచి వదిన గొంతు: "ఎవరికండీ చూపిస్తున్నారు?" "తమ్ముడికి" అంటున్నాడు.